రోడ్డు అవతలి ముక్క

సూరత్‌లో పెళ్ళయిన ఆడవాళ్ళకు తండ్రి ఉండడు. కాగితాల మీద సంగతి చెప్తున్నాను. ఇక్కడి పద్ధతిలో ఆమె పేరు, తర్వాత మొగుడి పేరు, ఆ తర్వాత మొగుడి ఇంటిపేరు, మూడూ కలిస్తేనే ఒక మనిషి. పెళ్ళయి నా వెంట వచ్చిన కొత్తలో నా భార్య రేషన్ కార్డు కోసం వెళ్తే, కౌంటర్‌లో కూర్చున్నాయన ఆమె పేరు అడిగి, పక్కన నా పేరు తనే రాసేసుకున్నాడు. అప్పట్లో ఆమెకు నా పేరు పలకాలంటేనే సిగ్గు. మా వైపు ఆడవాళ్ళు మొగుడి పేరు నోటితో చెప్పరు, ఎవరైనా అడిగితే పక్కవాళ్ళ మొహం చూస్తారు. అలాంటి మనిషికి సూరత్ నేర్పింది. గ్యాస్ బండకు వెళ్ళినా, దవాఖానాలో చీటీ రాయించినా, బ్యాంకులో సంతకం పెట్టినా, "నామ్?" అనగానే మూడు పేర్లూ ఒక్క ఊపిరిలో వచ్చేస్తాయి. మా అమ్మ నన్ను పిలిచినదానికంటే ఎక్కువసార్లు ఆమె కౌంటర్ల ముందు నా పేరు పలికి ఉంటుంది. దీనివల్ల ఎవరికైనా నష్టం ఉంటుందని నేను ఎప్పుడూ అనుకోలేదు.

మా నాన్న ఉత్తర తెలంగాణ నుంచి సాంచాల మీద, అంటే కరెంటు మగ్గాల మీద, పనికి ఇక్కడికి వచ్చాడు. నేను ఇక్కడి మున్సిపాలిటీ తెలుగు బడిలో చదువుకున్నాను. కొన్నేళ్ళు నేనూ సాంచాల దగ్గర నిలబడ్డాను. ఎదుటి మనిషి మాట వినబడాలంటే పెదవుల వంక చూడాల్సి వచ్చేసరికి, చెవులు పూర్తిగా పోకముందే చీరల మడతకు మారాను. ఇప్పుడు మార్కెట్‌లో ఒక సేఠ్ దగ్గర చీరలు మడతపెట్టించి డబ్బాల్లో కట్టించే పని. ఉండేది సూరత్ చివర డిండోలిలో, అద్దెకు. నా భార్య ఇంట్లోనే కూర్చుని చీర అంచులకు లేసు కుడుతుంది.

ఒక మధ్యాహ్నం మార్కెట్‌లో అన్నం డబ్బా విప్పుకుంటుంటే ఊరి నుంచి మా బామ్మర్ది ఫోన్ చేశాడు. నా భార్యకు వాడొక్కడే తమ్ముడు. దసరాకో ఉగాదికో తప్ప చేసే అలవాటు లేదు.

"బావా, ఆధార్ల అక్క పేరెట్లున్నదే? జర చూసి చెప్పు."

చూడాల్సిన పనేముంది, నోటికొచ్చినదే చెప్పాను.

"మా అయ్య పేరు ఎక్కడ లేదా?"

"మీ అయ్య పేరు నా పెండ్లాం కార్డుల ఎందుకుంటది?" అన్నాను. బావాబామ్మర్దుల మధ్య ఆపాటి ఎకసెక్కం మామూలే, నవ్వుతాడనుకున్నాను. నవ్వలేదు.

సంగతేమిటంటే, వాళ్ళ ఊరి మీదుగా కొత్త హైవే వస్తోంది. మా మామకు నాలుగెకరాల భూమి. రోడ్డు కచ్చితంగా దాని నడుమ నుంచే పోతుంది. ఇవతల ఊరి వైపు కొంత మిగులుతుంది. అవతల సమోసా ఆకారంలో ఒక చిన్న ముక్క మిగులుతుంది. మామ చనిపోయి చాలా ఏళ్ళయినా పట్టా ఆయన పేరు మీదే ఉంది. మార్పించుకోవాలని మా బామ్మర్దికి ఎప్పుడూ తోచలేదు. దున్నేది తనే, పండించేది తనే, ఇంక కాగితంతో ఏం పని? రోడ్డు వచ్చాక పని పడింది. చనిపోయినాయనకు వారసులెవరో అందరూ వచ్చి చెప్పాలని ఆఫీసులో అన్నారు.

దానికి తోడు బావి పంచాయితీ. సర్కారు మనుషులు భూమి కొలవడానికి వచ్చిన రోజున బావి మీది మోటరు కాలిపోయి రిపేరుకు పోయింది. మోటరు లేదు కాబట్టి వాళ్ళు ఆ భూమిని మెట్టగా రాసుకుపోయారు. మెట్టకు ఒక ధర, నీటి కింద భూమికి ఒక ధర. మా బామ్మర్ది ఒప్పుకోనని అభ్యంతరం పెట్టాడు. "మోటరు లేకుంటె బావిల నీళ్ళు లేనట్టా బావా? ఒక్కడన్న తొంగి చూడలే" అన్నాడు. అది సరైన ప్రశ్నే. కానీ ఆఫీసులో సారు, ముందు వారసులు తేలాలి, బావి సంగతి తర్వాత అన్నాడట.

కొడుకు తేలిగ్గానే తేలాడు. కూతురి దగ్గర బండి ఆగింది. ఆమె చదివింది మూడో తరగతి. ఆ బడి ఎప్పుడో మూతబడింది, దాని పుస్తకాలు ఏమయ్యాయో ఎవరికీ తెలియదు. మా పెళ్ళికి సాక్ష్యం పందిట్లో తిన్నవాళ్ళే. ఆమె బతుకంతా ఉన్న కాగితాలు సూరత్‌వి, వాటిలో ఆమె నా మనిషి. "బిడ్డ ఒకామె ఉన్నదంటవు. ఆమె ఏ కాగితంల గూడ మీ నాయిన లేడు. రేపు ఇంకొకామె వచ్చి నేనే బిడ్డనంటే నేనేం చెయ్యాలె?" అని సారు అడిగాడట. నిజానికి ఆయన అన్నదాంట్లో తప్పు లేదు. అందుకే ఎక్కువ చిరాకేసింది.

మా బామ్మర్దికి కావాల్సినవి రెండు కాగితాలు. మొదటిది, ఈమె మా అక్క అని. రెండోది, ఈమెకు భూమిలో గానీ రోడ్డు పైసల్లో గానీ భాగం వద్దు అని. ముందు అక్కకు హక్కు ఉందని రుజువు చెయ్యాలి, ఆ తర్వాత ఆ హక్కు వదిలించాలి. వాడు దాచకుండా ఉన్నదున్నట్టు చెప్పాడు. జిత్తులమారి కాదు. నాకు మాత్రం నవ్వొచ్చింది. సాయంత్రం ఇంటికొచ్చి నవ్వుతూనే నా భార్యకు చెప్పాను. ఆమె లేసు కుట్టడం ఆపలేదు, నవ్వనూ లేదు.

మా ఇంటి ఓనరు గుజరాతీ. కాకా అంటాం. ఒకప్పుడు ఈ చుట్టుపక్కల ఆయనకు చెరకు పొలం ఉండేది. ఊరి చుట్టూ వేసిన పెద్ద రోడ్డు కింద అది పోయింది. అద్దె తీసుకోవడానికి వచ్చినప్పుడు ఈ సంగతి చెప్తే ఆయన చెయ్యి ఊపేశాడు. "ఇందులో గొడవేముంది? హక్ కమీ చేయించండి. మా చెల్లెళ్ళు ముగ్గురూ నవ్వుతూ సంతకాలు పెట్టారు. తలా ఒక మంచి చీర పెట్టాను" అన్నాడు హిందీలో. హక్ కమీ అంటే ఆడబిడ్డలు పుట్టింటి భూమి మీద హక్కు వదులుకోవడం. ఇక్కడ దానికి ఒక పేరు, ఒక పద్ధతి ఉన్నాయన్నమాట. నా భార్య ఆయనకు చాయ్ ఇచ్చి, "చెల్లెళ్ళు ఇప్పుడు వస్తుంటారా కాకా?" అని అడిగింది. పెళ్ళిళ్ళకు వస్తారన్నాడు.

ఆ రాత్రి అన్నం తింటుంటే అడిగింది. "అవుతలి ముక్క ఎంతుంటదట?"

"పది గుంటలుంటదేమో. దున్నడానికి గూడ రాదు. మీ తమ్ముడు ఎడ్లు తోలుకొని పోవాల్నన్నా ఎక్కడో రోడ్డు కిందికెల్లి తిరిగి రావాలె."

"అది నాకియ్యమను. పైసలన్నీ వాన్నే తీసుకొమ్మను."

"ఏం చేసుకుంటవ్ దాన్ని?"

"ఏం జేసుకోను. అయ్య పేరు మీదికెల్లి గింత జాగ నా పేరు మీదికి రావాలె. అంతె."

అంతకుమించి చెప్పించాలని నేనూ చూడలేదు. ఈ విషయంలో అల్లుడు నోరు కుట్టేసుకుని కూర్చోవాలి. నేను ఔనన్నా, కాదన్నా, ఊరు ఊరంతా అనేది ఒకటే మాట: బావ ఎగదోస్తున్నాడు. అత్త సొమ్ము అల్లుడు దానం చేశాడని ఊరికే అనలేదు కదా. సగం పైసలు వస్తే డిండోలిలోనే ఒక గది కొనుక్కోవచ్చని నాకు తోచింది. తోచిందని ఎవరితోనూ అనలేదు.

దసరా వెళ్ళాక మా బామ్మర్ది, వాడి భార్య సూరత్‌కు వచ్చారు. ఊరికే రాలేదు, ఒడిబియ్యం పోయడానికి వచ్చారు. మూడేళ్ళకో ఐదేళ్ళకో పుట్టింటివాళ్ళు ఆడబిడ్డను కూర్చోబెట్టి, కొత్త చీర కట్టించి, పసుపు కలిపిన బియ్యం ఒడిలో పోస్తారు. ఎండుకొబ్బరి కుడుకలు, వక్కలు, ఖర్జూరాలు, పసుపుకొమ్ములు వేస్తారు. మా అత్త పోయిన తర్వాత నా భార్యకు ఆ ముచ్చట మళ్ళీ జరగలేదు. పుట్టింట్లోనే చెయ్యాలంటారు కానీ, తమ్ముడు బియ్యం మోసుకుని అక్క ఇంటికి వస్తే కాదనేవాళ్ళెవరు? స్టేషన్‌లో దిగినప్పుడు వాడి భుజం మీద బియ్యం సంచీ, ఆమె చేతిలో చీర డబ్బా. ఆ చీరను టౌన్‌లో పెద్ద షాపుకు వెళ్ళి ఏరి తెచ్చారట. ఇంటికొచ్చి డబ్బా తెరిస్తే నా కళ్ళు ముందు మడత మీదకే పోయాయి. అది మా మార్కెట్ మడత. నా చేతుల మీదుగా పోకపోయినా మా పక్క దుకాణంలోనైనా కట్టి ఉంటారు. సూరత్ చీర అంత దూరం పోయి, ఎక్కువ ధర పలికి, రైలెక్కి మళ్ళీ సూరత్‌కే వచ్చింది. "మంచి చీర తెచ్చినవ్ బామ్మర్దీ, గిసోంటియి ఈడ దొర్కయి" అన్నాను. వాడు సంతోషపడ్డాడు. నా భార్య నన్ను కళ్ళతోనే కసిరింది.

సాయంత్రం చాయ్ తాగాక వాడు రెండు కాగితాలూ చాప మీద పెట్టాడు. రేపు ఒడిబియ్యం పోసేటప్పుడే సారుతో వీడియో కాల్ ఉంటుందన్నాడు. కాగితాలు రాసి పంపేది తర్వాత, ముందు మనిషిని చూసి నాలుగు మాటలు అడుగుతానని సారు ఒప్పుకున్నాడట. "ఒడిబియ్యం పోస్తుంటె చూసిండనుకో, ఇగ సాక్ష్యమెందుకు? పుట్టింటోళ్ళు గాక ఇంకెవలు పోస్తరు?" అన్నాడు. ఆలోచన బాగానే ఉంది. వాడికి అంత తెలివి ఉందని నాకు అప్పటిదాకా తెలియదు.

నా భార్య మొదటి కాగితం చేతిలోకి తీసుకుంది. రెండోది చాప మీదే ఉంది.

"ఇది రేపు చూస్తం తమ్మీ. ఆ అవుతలి ముక్క నా పేరు మీద రాపియ్యి, పైసలు ఒక్క రూపాయి అడగ."

వాడు ఇది వినడానికి సిద్ధపడి రాలేదు. "పైసలు గావాల్నంటె సగం తీసుకో అక్కా. కాదన్ననా? భూమి అడగకు."

"పనికిరాని ముక్కనే గదా."

"పనికొస్తదా రాదా అని గాదు. రేపు ఊర్లె ఏమంటరు? తమ్ముడు అక్కను మంచిగ అర్సుకోలే, అందుకే పట్టా మీద పేరెక్కించుకున్నదంటరు. ఒడి నింపనీకి ఇంత దూరం వస్తిమి. ఇంకేం గావాలె?"

"ఒడి నింపినవంటె నేను ఆ ఇంటి బిడ్డనే అన్నట్టు గదరా."

ఇద్దరూ ఒకే బియ్యం గురించి మాట్లాడుతున్నారు. వాడి లెక్కలో ఒడిబియ్యం పోశామంటే ఆడబిడ్డకు ఇవ్వాల్సింది ఇచ్చేసినట్టు. ఆమె లెక్కలో ఒడిబియ్యం పోశారంటే ఆ ఇంట్లో ఇంకా తన పాలు ఉన్నట్టు. ఇద్దరూ తల్లి దగ్గరే నేర్చుకున్నారు, ఇద్దరిలో ఎవరూ దొంగమాట చెప్పట్లేదు. తీర్పు చెప్పమంటే నేను చెప్పలేను.

వాడు నా వైపు తిరిగాడు. "బావా, ఇది నువ్వు నేర్పిన మాటేనా?"

అప్పటిదాకా ఓర్చుకున్నాను. ఆ మాటకు నిజంగా ఒళ్ళు మండింది. "నేను నేర్పితే పైసలు వద్దని నేర్పుతనారా?" అని లేచి బయటికి వచ్చేశాను. సందు చివర పాన్ డబ్బా దగ్గర కాసేపు నిలబడ్డాను. నా నోట్లో నుంచి పైసల మాట రానే వచ్చిందని అక్కడికి వెళ్ళాక గుర్తొచ్చింది. నాకే సిగ్గనిపించింది.

తిరిగి వచ్చేసరికి వంటింట్లో ఆడవాళ్ళిద్దరూ మెల్లగా మాట్లాడుకుంటున్నారు. మా ఇంట్లో వంటిల్లంటే ఒక గోడకు అటువైపు, ఏది అన్నా ఇటు వినిపిస్తుంది. మా బామ్మర్ది భార్య చెప్తోంది. ఆఫీసు చుట్టూ తిరిగే పైరవీకారు ఒకడున్నాడట, ఎవరి పనైనా సరే చేయించి పెట్టి తన వంతు తీసుకుంటాడు. వాడు మొదటి రోజే సలహా ఇచ్చాడట. "సూరత్ల ఉన్నామెకు కాగితమే లేదంటివి. ఉన్నదని ఎందుకు చెప్పుతున్నవ్? అక్కనే లేదను, అయిపాయె. మొత్తం నీదే." దానికి మా బామ్మర్ది ఏమన్నాడని నా భార్య అడిగింది.

"ఏమనలే వదినె. రెండు దినాలు అన్నం సరిగ తినలే. మూడో దినం ఒడిబియ్యం పోసొద్దాం పా అన్నడు."

గిన్నెలు కడుగుతున్న చప్పుడు వినిపించింది. గోడకు ఇవతల నేను, తలుపు దగ్గర బీడీ కాలుస్తూ వాడు. వాడికీ వినిపించే ఉంటుంది.

పొద్దున ఆఫీసు తెరిచే వేళకు సందులోంచి ముత్తైదువలు వచ్చారు. అందరూ మా వైపువాళ్ళే. గదిలో మంచం ఎత్తి నిలబెట్టి, పీట వేసి, నా భార్యను కూర్చోబెట్టారు. మార్కెట్ చీర కట్టుకుంది. అది ఆమెకు బాగుందని చెప్పక తప్పదు. ఫోన్‌ను కిటికీ ఊచకు ఆనించి పెట్టారు. అందులో బల్ల వెనక సారు, ఆయన పక్కన నిలబడి సగం మాత్రమే కనిపిస్తున్న మనిషి. ఆ సగం మనిషే పైరవీకారు అని మా బామ్మర్ది నా చెవిలో చెప్పాడు. ఆఫీసులో సారు లేని చోటైనా ఉంటుందేమో గానీ, వాడు లేని చోటు ఉండదట.

ముందు తమ్ముడు, తమ్ముడి భార్య దోసిళ్ళతో బియ్యం పోశారు. పసుపు బియ్యం కొంగులో జారి ఒడిలో పడ్డాయి. కుడుకలు పెట్టారు. తర్వాత ముత్తైదువలు ఒక్కొక్కరే వచ్చి పోస్తున్నారు. నా భార్య తల వంచుకుని, రెండు చేతులతో కొంగు పట్టుకుని కూర్చుంది. ఒడి నిండా బియ్యం ఉంటే మనిషి కదలలేదు.

"అమ్మా, మీ పేరు, తండ్రి పేరు చెప్పండి" అన్నాడు సారు.

ఆమె తలెత్తింది. ఫోన్ వైపు చూసి తన పేరు చెప్పింది. ఆ వెంటనే నా పేరు చెప్పింది. ఆ వెంటనే మా ఇంటిపేరు చెప్పింది. ఒక్క ఊపిరిలో, ఎక్కడా ఆగకుండా, గ్యాస్ ఆఫీసులో చెప్పినట్టే.

ఆమెకు తెలియలేదు. ముత్తైదువలకూ తెలియలేదు, వాళ్ళూ అట్లాగే చెప్తారు. నాకు తెలిసింది. నా పేరు నేను విన్నాను కదా.

సారు రాసుకుంటూ ఆగాడు. "ఇది మీ నాయిన పేరేనా అమ్మా?"

"ఔ సార్" అంది. కౌంటర్‌లో ఎవరైనా మళ్ళీ అడిగితే ఔననడమే ఆమెకు అలవాటు. కాదంటే లైన్‌లో మళ్ళీ చివరికి పంపుతారు.

ఫోన్‌లో సగం మనిషి పూర్తి మనిషయ్యాడు. బల్ల మీదికి వంగి నవ్వాడు. "సార్, గా పేరు మనిషి మా ఊర్లనే లేడు. ఎవలనో కూసోబెట్టిండ్రు."

నేను నోరు తెరవబోయాను. నా మాటకు అక్కడ విలువ లేదు. నేను ఎవరు? ఆమె మొగుణ్ణి, లాభం వచ్చేవాణ్ణి. మాట్లాడాల్సింది ఒక్కడే. వాణ్ణి చూశాను. వాడి చేతిలో ఖాళీ అయిన బియ్యం గిన్నె ఉంది. వాడు అక్కను చూడట్లేదు, ఫోన్‌నూ చూడట్లేదు, గిన్నెలోకి చూస్తున్నాడు. అబద్ధం చెప్పాల్సిన అవసరం కూడా లేదు వాడికి. ఊరికే ఉంటే చాలు. ఆమే తన నోటితో తను వేరే మనిషినని చెప్పేసింది. భూమి, పైసలు, బావి అన్నీ వాడివే. ఊళ్ళో ఎవరూ ఏమీ అనరు కూడా. అక్క పేరు పట్టా మీద ఎక్కదు. నా భార్యకు అప్పుడు అర్థమైంది. కొంగు వదలకుండా తమ్ముడి వంక చూస్తోంది. తప్పు దిద్దుకోవడానికి నోరు పెగల్లేదు.

"గాదు సార్" అన్నాడు వాడు.

కిటికీ దగ్గరికి వెళ్ళి ఫోన్ ముందు మొహం పెట్టాడు. "అది మా బావ పేరు సార్. ఈడ గట్లనే చెప్తరు, ఈళ్ళకు గదే అలవాటు. మా అయ్య పేరు..." అని మా మామ పేరు చెప్పాడు. పొలం ఆ గట్టు మీది మనిషిని పిలిచినంత గట్టిగా చెప్పాడు. "ఈమె మా అక్క. సొంత అక్క. నన్ను సంకనేసుకొని పెంచింది. ఒడిబియ్యం నేనే పోసిన, మీరు చూడంగనే పోసిన." ఆ తర్వాత పైరవీకారుతో, "నువ్వు నడుమల మాట్లాడకు" అన్నాడు.

సారు సరే అన్నాడు. కాగితం రాసి పంపమన్నాడు. మరి ఇద్దరు వారసులన్నమాట అన్నాడు. "ఔ సార్, ఇద్దరం" అన్నాడు మా బామ్మర్ది. ఫోన్ ఆగిపోయింది.

మంచి మనుషులు మంచిపని చేశాక చల్లగా ఉంటారని అనుకుంటాం. వాడు అలా లేడు. చేజారింది ఎంతో అప్పుడే తెలిసొచ్చినట్టుంది. చేతిలో గిన్నె నేల మీద పెట్టిన చప్పుడుకు ముత్తైదువల్లో ఒకామె ఉలిక్కిపడింది. అక్క మీదికి తిరిగాడు. అందరి ముందూ అన్నాడు.

"అయ్య పేరు యాదికి లేదు. అయ్య భూమి మాత్రం గావాల్నట."

ఆ మాట నాకే తగిలింది. వాడు అన్నది అన్యాయం. కానీ విన్నవాళ్ళకు నిజంలాగే వినిపిస్తుంది. ఒడిలో బియ్యంతో ఆమె లేవలేదు, లోపలికి పోలేదు, కొంగుతో మొహం కప్పుకోలేదు. కొంగు నిండా బియ్యమే. కళ్ళ నీళ్ళు అట్లాగే కారిపోతున్నాయి.

"మర్సిపోలే తమ్మీ" అంది. "ముప్పై ఏండ్ల సంది నన్ను ఎవ్వలు అడగలే."

ముత్తైదువలు పోయాల్సిన బియ్యం చేతుల్లోనే పట్టుకుని నిలబడ్డారు. వాళ్ళలో ఒకామె పెదవులు కదులుతున్నాయి. తన తండ్రి పేరు మనసులో అనుకుంటోందని నాకనిపించింది. అనిపించడమే, అడగలేదు.

చాలాసేపటికి వాడు పీట ముందు గొంతుక్కూర్చున్నాడు. ఒడిలోంచి నేల మీద పడ్డ బియ్యం గింజలు ఏరి మళ్ళీ ఆమె కొంగులో వేస్తూ, మొహం చూడకుండా అన్నాడు. "అవుతలి ముక్క కొలిపిస్త. రోడ్డుకెల్లి పోనీకి బాట లేదు మల్ల. నన్ను అడగద్దు."

"అడగ" అంది.

రెండో కాగితం మాట ఆ రోజు ఎవరూ ఎత్తలేదు. తర్వాత ఆమె పైసలు వద్దని రాసి ఇచ్చింది, వాడు ముక్క రాసిచ్చాడు. డిండోలిలో గది నా కలలోనే ఉండిపోయింది. ఆధార్‌లో పేరు వేరు, ఇక్కడ పేరు వేరు అని ఆఫీసులో చాలా రోజులు తిప్పారు. తిరిగింది మా బామ్మర్దే. బావి పంచాయితీ ఇంకా తేలలేదు, రోడ్డు మాత్రం పడింది.

పట్టా పుస్తకం కొరియర్‌లో వచ్చిన రోజు ఆమె దాన్ని నాకు ఇచ్చి చదివి వినిపించమంది. ఆమె పేరు చదివాను. పక్కన వాళ్ళ నాన్న పేరు చదివాను. మళ్ళీ చదవమంటే మళ్ళీ చదివాను. తర్వాత ఆమె లేసు ముందేసుకుని కూర్చుంది. నేను పుస్తకం ముందు నుంచి వెనక్కి, వెనక నుంచి ముందుకు తిప్పి చూశాను. నా పేరు ఎక్కడా లేదు. అబద్ధమెందుకు, కొంచెం కష్టంగానే అనిపించింది.